చేటెడు తవుడుకి అమ్మిన తమ్ముడు

మొన్న మధ్యాహ్నం మా మనవరాలు అన్నం కంచం ముందు పెట్టుకుని కళ్లనీళ్లు పెట్టుకుంది. డిగ్రీ ప్యాసైన పిల్ల. ఉద్యోగాల ఆఫీసులో పేరు నమోదు చేయించుకుందామని ఫోనులోనే కాగితాలన్నీ పంపిస్తోంది గానీ, కాలేజీ వాళ్లిచ్చిన టీసీ మేము ఇల్లు మారిన గడబిడలో ఎక్కడో పోయింది. అది లేనిదే పేరు ఎక్కదట. కొత్తది ఇవ్వాలంటే రెండు వారాలు ఆగమన్నారట. ఈలోగా గడువు దాటిపోతుందేమోనని దాని బెంగ. మా ఇంట్లో ఎవరు ఏడ్చినా ముందు కంచం ఖాళీ చేసి తరవాత ఏడవమంటాను నేను. పారేసిన మెతుకు మళ్లీ చేలోకి పోయి మొలవదు కదా. దాన్నీ అలాగే కసిరాను. తిన్నాక ఫోను నా ముందు పెట్టి, ఎన్ని గడులు నింపిందో ఒక్కొక్కటీ చదివి వినిపించింది. పేరు, పుట్టిన తేదీ, ఊరు అంటూ వచ్చి, తండ్రి పేరు అన్న గడి మీద దాని వేలు ఆగకుండా ముందుకు జారిపోయింది. నా మనసు మాత్రం అక్కడే ఆగింది. నా తమ్ముడి బతుకు ఆగింది కూడా ఆ గడి దగ్గరే.

చదువు సంగతి అడిగితే నేను మూడో తరగతి దాకా చదివి, ఆ తరవాత మేకలు కాశాను. అందుకని ఇందులో తేదీలూ సంవత్సరాలూ వెతకవద్దు. ఫలానా ఏడు చోళ్లు, అదే రాగులు, బాగా పండాయి, ఫలానా ఏడు తుఫానుకి ఇంటిమీద తాటాకు ఎగిరిపోయింది అన్నదే నా లెక్క. మా ఊరు ఇప్పుడు లేదు. గాజువాక దాటి దక్షిణంగా పోతే ఉక్కు ఫ్యాక్టరీ గోడ వస్తుంది. ఆ గోడ లోపల ఎక్కడో మా చోడి చేను, మా జీడిమామిడి తోపు, మా రెండు గదుల తాటాకు ఇల్లు ఉండేవి. ఇల్లంటే ఇప్పటి పిల్లలు నవ్వుతారు. వాన వస్తే వంటగిన్నెలన్నీ చూరు కింద పెట్టుకునేవాళ్లం, ఆ నీళ్లు కూడా పారబోసేవాళ్లం కాదు.

మా ప్రాంతపు పల్లెల్లో పుట్టిన నా ఈడు వాళ్లకు తవుడు, తవిటమ్మ, పెంటయ్య అన్న పేర్లు ఎందుకు వచ్చాయో చెప్పక్కర్లేదు. తెలియని వాళ్ల కోసం చెబుతాను. నా తరవాత మా అమ్మకు పుట్టిన పిల్లలు ఎవరూ నిలవలేదు. ఒకరు పురిట్లోనే, ఒకరు బోర్లా పడే వయసులో, ఒకరు మాటలు నేర్చాక పోయారు. మాటలు నేర్చాక పోయినది ఆడపిల్ల, నన్ను అప్ప అని పిలిచేది. దాని తరవాత తమ్ముడు కడుపులో ఉన్నప్పుడు ఊళ్లోకి ఒక సోది చెప్పే ఆమె వచ్చి, నీ బిడ్డలంటే చావుకి కన్ను పడింది తల్లీ, ఈసారి పుట్టినవాణ్ని నీవాడని అనుకోకు, నీ నోటితో అనకు, పిల్లలు నిలిచిన ఇల్లాలికి తవుడుకి అమ్మెయ్యి, వాడికో బిడ్డ పుట్టిన నాడు మళ్లీ కొనుక్కో, అంతదాకా వాడు నీవాడని ఎవరితోనూ చెప్పకు అంది. మా అమ్మ చదువుకున్నది కాదు గానీ, చెప్పిన మాట చెప్పినట్టు పట్టుకునే మనిషి. గంజిలో ఉప్పు ఎంత వెయ్యాలో తన అత్త చెప్పిందట, చచ్చేదాకా అంతే వేసింది.

తమ్ముడు పుట్టి పురుడు తీరిన ఉదయం ఎదురింటామె చేటెడు తవుడు తెచ్చి మా గడపలో పోసి, పిల్లాణ్ని ఆ చేటలోనే పడుకోబెట్టి వీధి దాటించుకుని తన ఇంట్లోకి పట్టుకుపోయింది. ఆమెకు పుట్టిన పిల్లలందరూ బతికి బట్టకట్టారు, అందుకని ఆమె. నేను వాకిట్లో నిలబడి ఏడ్చాను, తమ్ముణ్ని నిజంగానే అమ్మేశారనుకుని. పొద్దు వాలకుండానే ఆమె మళ్లీ పిల్లాణ్ని ఎత్తుకుని మా వాకిట్లోకి వచ్చి, వీధి మొత్తం వినపడేలా అంది: "ఒలే, మా గుంటడికి నా కాడ పాల్నేవు. నువ్వు కూసింత పెంచి పెట్టీ."

మా అమ్మ అంతకంటే గట్టిగా అంది. "పెంచుతాను గానీ, మీ గుంటడికి ఏటన్నా అయితే నన్ననీకు. నాకేటి సమ్మందం నేదు."

ఆ మాటలు వాళ్లు ఒకరితో ఒకరు అనుకున్నవి కావు, చావుకి వినపడాలని అన్నవి. ఆ తవుడు మా ఆవు తింది. తమ్ముడి ముక్కుకు ఆడపిల్లలకు కుట్టినట్టు ఎడమ పక్కన కుట్టించారు. ఆ కన్నం పూడనే లేదు, పెద్దయ్యాక వాడి కాగితాల్లో గుర్తులు రాయమన్న చోట కూడా ముక్కుకు కన్నం అనే రాశారు.

తమ్ముడికి మాటలు వచ్చాక ఎదురింటామెను అమ్మ అనడం, మా అమ్మను పిన్ని అనడం నేర్పించారు. నేర్పించింది మా అమ్మే. తప్పి అమ్మా అంటే, మీ అమ్మ ఎదురింట్లో ఉంది పో అని వీపు మీద ఒకటి వేసేది. వాడికి జ్వరం వస్తే మా అమ్మ మందు నూరి ఎదురింటామె చేత తాగించేది, తాను గోడకు ఆనుకుని వేరే ఎటో చూస్తూ కూర్చునేది, చూపు పడినా చావుకి తెలిసిపోతుందన్నట్టు. పెళ్లిళ్లలో ఎవరైనా నీ కొడుకు ఎదిగాడే అంటే, నా కొడుకేటి, ఎదురింటోల గుంటడు అని మొహం పక్కకి తిప్పేసేది. వాడు రెండు ఇళ్లలోనూ తిని, ఇద్దరు తల్లుల చేతా తిట్లు తింటూ, నవ్వుతూ పెరిగాడు. నవ్వే గుణం వాడికి ఎక్కడినుంచి వచ్చిందో మా ఇంట్లో ఎవరికీ తెలియదు.

ఎదురింటాయన తన కొడుకుని బళ్లో వేసిన రోజునే మా తమ్ముణ్ని కూడా రెండో చేత్తో పట్టుకుని తీసుకెళ్లాడు. మాస్టారు తండ్రి పేరు అడిగితే ఇద్దరికీ తన పేరే చెప్పాడు. అమ్మినవాడి పేరు చెప్పకూడదు కదా మరి. మాస్టారికి సంగతి తెలుసు, ఊరందరికీ తెలుసు. అందరికీ తెలిసిన ఊళ్లో బడి పుస్తకంలో ఏం రాసి ఉందో ఎవరు పట్టించుకుంటారు? మనిషి మొహం చూసి ఎవరి పిల్లాడో చెప్పే రోజులవి. మా తమ్ముడు నడిస్తే మా నాన్న నడిచినట్టే ఉండేది.

ఆ ఊరే లేకుండా పోతుందని ఎవరనుకున్నారు? ఫ్యాక్టరీ వస్తుందన్నారు, భూములు తీసుకున్నారు, పరిహారం చేతికి రాకముందే మా నాన్న కామెర్లతో పోయాడు. అప్పటికి నాకు పెళ్లయి కంచరపాలెం వచ్చేశాను, మా ఆయన రైల్వేలో కళాసీ. ఊరివాళ్లను కాలనీల్లోకి పంపారు. మా అమ్మకు, తమ్ముడికి ఒక కాలనీలో స్థలం వచ్చింది, ఎదురింటివాళ్లు అక్కడ కూడా పట్టుబట్టి ఎదురుగానే వేసుకున్నారు. భూమి పోయిన ప్రతి ఇంటికీ ఒక కార్డు, ఆ కార్డు మీద ఒక మనిషికి ఉద్యోగం అన్నారు. ఉద్యోగం కావాలంటే ముందు టౌనులో ఉద్యోగాల ఆఫీసులో పేరు రాయించుకోవాలి, అక్కడ వరస ప్రకారం పిలుస్తారు. ఎదురింటి అబ్బాయి రాయించుకున్నాడు, పిలిచారు, ఖాకీ బట్టలు వేసుకుని డ్యూటీ బస్సు ఎక్కేశాడు. మా తమ్ముడు కూడా పది ప్యాసై వెళ్లాడు. కార్డు మా నాన్న పేరున ఉంది. బడి సర్టిఫికెట్టులో తండ్రి ఎదురింటాయన. ఒక్క ఇంటికి ఒక్క ఉద్యోగమే బాబూ, మీ ఇంటిది మీ అన్న తీసుకున్నాడు కదా అన్నారు.

పుట్టుక కాగితం తెస్తే సరిపోతుందన్నారు. పుట్టుకలు రాసే పుస్తకం మా ఊరి పెద్ద దగ్గర ఉండేది, ఊరు ఖాళీ చేసినప్పుడు పుస్తకాలన్నీ గోతాల్లో కట్టి తాలూకా ఆఫీసుకు పంపారు. అక్కడికి వెళితే అవి ఇంకో ఆఫీసుకు వెళ్లాయన్నారు, అక్కడికి వెళితే ఇక్కడికి రాలేదన్నారు. మా తమ్ముడు కొన్నేళ్లు ఆ గోతాల వెనక తిరిగాడు. టౌనులో పని ఉన్న ప్రతిసారీ ముందు రోజే మా ఇంటికి వచ్చి పడుకునేవాడు. పొద్దున్నే నేను చోడి అంబలి కలిపి ఇచ్చి, ఇత్తడి చెంబులో మరిగిన నీళ్లు పోసి దాంతో మా ఆయన చొక్కా ఇస్త్రీ చేసి వాడికి తొడిగేదాన్ని. ఆఫీసుకు నలిగిన చొక్కాతో వెళితే కాగితం కూడా నలిగినట్టే చూస్తారని నా నమ్మకం. మధ్యమధ్య పేరు పోకుండా ఉద్యోగాల ఆఫీసు కార్డు రెన్యూవల్ చేయించుకోవాలి, అది మాత్రం ఒక్కసారి కూడా తప్పలేదు వాడు. సాయంత్రం వట్టి చేతులతో తిరిగి వస్తే మా ఆయన గుమ్మంలోనే ఆపి ఏడిపించేవాడు.

"ఈయాల ఎవుల కొడుకువని రాయించుకొచ్చీవు బావా?"

"ఖాలీగా ఉంచమన్నారు బావా. ముందొచ్చినోలకి ఇచ్చీత్తారట."

ఇద్దరూ విరగబడి నవ్వేవారు. నేను నవ్వేదాన్ని కాదు. నాకు ఆ ఖాళీ గడి కనపడేది.

చివరికి ఆ ఉద్యోగాల ఆఫీసులోనే ఒక పెద్దాయన మా తమ్ముడి గోడు విన్నాడు. మంచి మనిషి, ఆయన్ని నేను ఈ నాటికీ ఒక్క మాట అనను. పుస్తకం దొరక్కపోతే మానెయ్యండి, మేమే మనిషిని పంపి విచారణ చేయిస్తాం, కన్నతల్లి ఎదురుగా నిలబడి నా కొడుకే అని చెప్పి వేలిముద్ర వేస్తే ఫైలు కదులుతుంది అన్నాడు. తమ్ముడు ఆ కబురు నాకు చెప్పినప్పుడు వాడి మొహంలో సంతోషం కంటే భయమే ఎక్కువ కనపడింది. విచారణ రోజుకి నేను పిల్లల్ని పక్కింట్లో వదిలి కాలనీకి వెళ్లాను.

వచ్చిన ఆఫీసరు చిన్న వయసు వాడు, ఎండన పడి సైకిల్ మీద వచ్చాడు. పందిట్లో మంచం వేసి కూర్చోబెట్టి నీళ్లిచ్చాం. తమ్ముడు పందిరి రాటకు ఆనుకుని నిలబడ్డాడు. ఎదురింటాయన, ఆయన భార్య కూడా వచ్చారు. బళ్లో తప్పు పేరు చెప్పినందుకు తన కొడుకు ఉద్యోగానికి ఏం ముంచుకొస్తుందోనని ఎదురింటాయన పందిరి చివరికి జరిగి కూర్చున్నాడు. ఆఫీసరు కాగితం మోకాలి మీద పెట్టుకుని మా అమ్మను అడిగాడు, ఈ అబ్బాయి నీ కొడుకేనా అమ్మా అని.

మా అమ్మ తలమీద కొంగు సర్దుకుంది. "ఎదురింటోల గుంటడు బావూ. తవుడుకి కొనుక్కున్నారు. నాను పెంచినాను, అంతే."

"కొన్నది సరే. కన్నది ఎవరమ్మా?"

"కన్నమాట ఎందుకు బావూ? కన్నోలందరికీ నిలిచినారేటి?"

ఆయన ఎదురింటామె వైపు తిరిగాడు. ఆమె చదువూ సంధ్యా లేని మనిషే గానీ ఇచ్చిన మాట కోసం ప్రాణం పెట్టే రకం. కళ్లు తుడుచుకుంటూనే, మాదే బావూ, నా కొడుకే అంది. తన సొంత కొడుకు ఉద్యోగం కాపాడుకుందామన్న ఆలోచన కూడా ఆ క్షణాన ఆమెకు లేదు, పిల్లాడి ఊపిరి ఒక్కటే ఉంది. నేను ఆగలేక ముందుకొచ్చి, వీడు నా తోడబుట్టినవాడు, నేను చెబుతున్నాను రాసుకోండి అన్నాను. అక్క చెబితే చెల్లదమ్మా, తల్లి చెప్పాలి అన్నాడాయన. మళ్లీ మా అమ్మనే చూశాడు. అమ్మ నేల చూపులు చూస్తూ కొంగు అంచు నోట్లో కుక్కుకుంది, మాట బయటికి రాకుండా గుడ్డ పెట్టుకున్నట్టు. ఆయన విన్నది విన్నట్టు రాసుకుని, మిగిలిన నీళ్లు తాగి, సైకిల్ ఎక్కి వెళ్లిపోయాడు. తమ్ముడు వాకిలి దాకా వెళ్లి ఆయన్ని సాగనంపి వచ్చి, అంబలుందా పిన్నీ అని అడిగాడు.

ఆ రోజు మా అమ్మతో నేను దెబ్బలాడినట్టు జన్మలో ఎవరితోనూ దెబ్బలాడలేదు. ఎముకలు కుళ్లిపోయిన సోదిదాని మాట పట్టుకుని కొడుకు నోటి దగ్గర కూడు కాలదన్నావన్నాను. ఆమె ఒక్కటే అంది. "పని నేకపోతే ఇంకో పని సేసుకుంటాడు. గుంటడు నేకపోతే ఇంకో గుంటణ్ని ఏ ఆఫీసోడిస్తాడే నాకు?"

నేను నలుగురిని కన్నాను, నలుగురూ ఆస్పత్రిలో పుట్టారు, నలుగురూ ఉన్నారు. ఒకరి వెనక ఒకరిని మట్టిలో పెట్టి వచ్చిన మనిషి భయం నాకేం తెలుసు?

వాడికి బిడ్డ పుడితే గానీ అమ్మ వాణ్ని కొనుక్కోదు. పెళ్లయితే గానీ బిడ్డ లేదు. భూమి పోయి, ఉద్యోగం లేని వాడికి పిల్లనెవరిస్తారు? ఇక అమ్మ నోరు విప్పితే గానీ ఉద్యోగం లేదు. పెళ్లి కుదిరితే గానీ పిచ్చి కుదరదు, పిచ్చి కుదిరితే గానీ పెళ్లి కుదరదు అని పెద్దలు నవ్వుతూ అన్న మాట మా ఇంట్లో కొన్నేళ్లు కాపురం చేసింది. వచ్చిన సంబంధాల వాళ్లందరూ ముందు అడిగింది కార్డు ఉద్యోగం వచ్చిందా అనే. తమ్ముడు ఈలోగా పోర్టులో మూటలు మోశాడు, చేపల రేవులో ఐసు గడ్డలు పగలగొట్టాడు, ఎక్కడ పని దొరికితే అక్కడ చేశాడు. కార్డు రెన్యూవల్ మాత్రం మానలేదు. ఇస్త్రీ చొక్కా కూడా మానలేదు. అమ్మ మీద ఒక్కనాడూ మాట తూలలేదు. నేను అమ్మను తిడుతుంటే, పోనీయప్పా, పిన్నికి నానంటే ప్రేమ గానీ పగేటి అనేవాడు.

ఆఖరికి మా ఆయనే తమ వాళ్లలో ఒక తండ్రి లేని పిల్లని చూసి, కూలి చేసుకునేవాడైనా తాగుడు లేదు, అదే ఉద్యోగం అనుకోండి అని చెప్పి ముడిపెట్టించాడు. మరుసటేడు కొడుకు పుట్టాడు. ఆ కబురు తెలిసిన గంటకే మా అమ్మ కొనుగోలుకు తయారైపోయింది. కానీ తవుడేది? ఊళ్లో ఉన్నప్పుడు ఇంటింటా దంపుడు తవుడు ఉండేది. కాలనీలో అందరూ కోటా బియ్యం తినేవాళ్లే, తవుడు మొహం ఎవరూ చూడలేదు. చేట కూడా దొరకలేదు. నేను గాజువాక పశువుల దాణా కొట్టుకు వెళ్లి తవుడు కొని, ఎవరినో అడిగి చేట పట్టుకొచ్చాను. మా అమ్మ ఆ చేట ఎత్తుకుని వీధి దాటి ఎదురింటి గడపలో పోసింది. ఎదురింటామె అప్పటికి బాగా ముసలిదైపోయింది. మీసాలున్న మా తమ్ముడి చెయ్యి పట్టుకుని, చంటిపిల్లాణ్ని అప్పగించినట్టే అప్పగించింది. మీ గుంటణ్ని జాగ్రత్తగా చూసుకోమంది. చూస్తున్నవాళ్లు నవ్వారు. ఆ ఇద్దరు ముసలివాళ్లూ నవ్వలేదు.

మర్నాడే అమ్మ తెల్లారకముందే తలంటుకుని, ఉతికిన చీర కట్టుకుని, కొడుకును వెంటబెట్టుకుని టౌనుకు బయలుదేరింది. నేను కంచరపాలెంలో కలిశాను. ఆఫీసులో బల్ల అవతల కూర్చున్నాయన తల ఎత్తకముందే, నా కొడుకు బావూ, నానే కన్నాను, ఎక్కడ ఏలిముద్ర ఎయ్యాలో సెప్పు అంది. ఆయన ఫైలు వెతికించాడు. చాలాసేపటికి దుమ్ము పట్టిన కట్ట వచ్చింది. కాగితాలు తిప్పి, తమ్ముడి పుట్టిన తేదీ దగ్గర వేలు పెట్టి లెక్క చూసుకుని, మెల్లగా చెప్పాడు. వయసు దాటిపోయిందమ్మా, ఆ కార్డుల మీద పిలవడం కూడా ఆపేశారు, ముందే వచ్చి ఈ మాట చెప్పి ఉంటే బాగుండేది అని.

అమ్మకు సగమే అర్థమైందేమో. లేక అంతా అర్థమైందేమో. బయటికి వచ్చి మెట్ల మీద కూర్చుంది. లోపలికి వెళుతున్న ప్యూనుకు, వరసలో నిలబడ్డ కుర్రాళ్లకు, టీ అమ్మేవాడికి, అడిగిన వాళ్లకీ అడగని వాళ్లకీ చెప్పడం మొదలుపెట్టింది, ఈడు నా కొడుకు బావూ అని. తిరిగి వచ్చేటప్పుడు మద్దిలపాలెంలో బస్సు మారాం. కండక్టరు టికెట్ అంటే, నాకోటి, నా కొడుక్కోటి అంది. కండక్టరు నవ్వి, మరి ఈ అమ్మకో అని నన్ను చూపించాడు. నా సంగతి ఆమె మర్చేపోయింది. నాకు కోపం రాలేదు. నేను ఎప్పుడూ ఆమె కూతుర్నే, నన్నెవరూ అమ్మలేదు.

తరవాత తమ్ముడు ఒక కాంట్రాక్టరు కింద ఆ ఫ్యాక్టరీలోనే పనికి కుదిరాడు, బొగ్గు దించే చోట. ఒకసారి నాతో చెప్పాడు, అప్పా, లెక్క ప్రకారం అది మన జీడితోపేనే అని. గేటు పాసు మీద తండ్రి పేరు ఎదురింటాయనదే ఉండేది, బడి సర్టిఫికెట్టు చూసి రాసినది. మార్పించుకోలేదు. ఎవరి కొడుకునైతే ఏటి, బొగ్గుకి తెలుస్తాదా అనేవాడు.

ఇంట్లో మాత్రం అమ్మకు ఒకటే పని. కొడకా లెగు, కొడకా తిన్నావా, కొడకా చెప్పులు తొడుక్కో, ఎండ చూడు కొడకా. నేను పొదుపు మనిషిని. ఉల్లిపాయ పొట్టు కూడా ఊరికే పారెయ్యను. కానీ అమ్మ అన్నేళ్లు కొంగున ముడేసుకుని దాచిన మాటను అలా రోజంతా దుబారా చేస్తుంటే ఒక్కసారీ వద్దనలేదు. చిక్కేమిటంటే, వాడికి అమ్మా అన్న మాట తిరగలేదు. నోరు తెరిస్తే పిన్నీ అనే వచ్చేది. ప్రయత్నించేవాడు, అ అని మొదలుపెట్టి ఆగి, సిగ్గుపడి, ఏటి పిన్నీ అనేవాడు. అమ్మ ఆ ఆగిన చోట చెవి ఒగ్గి ఉండేది. నేను చూశాను. ఎదురింటామె పోయాక ఇక పిలుస్తాడనుకున్నాను. ఆ పిలుపు ఆవిడతోనే పోయినట్టయింది.

అమ్మ పోయిన రోజు తమ్ముడే తలకొరివి పెట్టాడు. ఆడవాళ్లం వీధి చివర దాకానే వెళ్లాం, మిగిలింది మా ఆయన చెప్పాడు. దింపుడు కళ్లం దగ్గర పాడె దించి, కొడుకు చెవిలో మూడుసార్లు పిలవాలి, పోయిన ప్రాణం ఒకవేళ తిరిగి వస్తుందేమోనని. వాడు వంగి, ఎవరూ చెప్పకుండానే, అమ్మా అని పిలిచాడట. మూడుసార్లు స్పష్టంగా పిలిచాడట. పిలిచాక లేవలేదట. అమ్మ నోటి దగ్గర చెవి పెట్టి అలాగే ఉండిపోతే, బావా, లెగు బావా, పొద్దెక్కుతంది అని మా ఆయన భుజం పట్టుకుని లేపాల్సి వచ్చిందట.

తమ్ముడు కూడా ఇప్పుడు లేడు. మనవలను ఎత్తుకుని, మంచాన పడి, నా చేతి అంబలి తాగి పోయాడు. అమ్మ దేవుణ్ని అడిగింది వాడు బతకాలనే, ఉద్యోగం కావాలని కాదు. అడిగినది దొరికిందనే అనుకోవాలి నేను. అనుకుంటూనే ఉంటాను. కానీ డ్యూటీ బస్సులు వరసగా పోతుంటే ఈనాటికీ కిటికీల్లోకి చూస్తాను, మా ఆయన చొక్కా తొడుక్కున్న మనిషి ఎవరైనా కనపడతాడేమోనని.

ఇప్పుడు తవుడు పేరున్న పిల్లలు ఎక్కడా లేరు, ఉన్న పెద్దవాళ్లు ఆ పేరు దాచుకుంటున్నారు. మా కోడలు వంటకు వాడేది తవుడు నూనె, ఒంటికి మంచిదని ప్యాకెట్లలో వస్తోంది. పిల్లలు నిలుస్తున్నారు. పుట్టగానే ఆస్పత్రిలోనే కాగితం ఇస్తున్నారు, ఆ కాగితం పోతే మళ్లీ ఇస్తున్నారు. మా మనవరాలికి రెండు వారాలు ఆలస్యం అయితే అవుతుంది, కొంప మునగదు, అదే చెప్పాను దానికి. నిజానికి దాన్ని దగ్గరికి తీసుకుని ఇంకేదో చెప్పాలనిపించింది, నాకు అలవాటు లేదు.

అది మళ్లీ ఫోను అందుకుంది. తండ్రి పేరు కింద తల్లి పేరు అని ఇంకో గడి ఉందట, మా రోజుల్లో అది ఉండేది కాదు. ఆధార్‌లో మీ అమ్మ పేరు ఎలా ఉందో కనుక్కుని అలాగే రాయి, పొల్లు తేడా వచ్చినా నీ పని ఆగిపోతుంది అన్నాను. అది కూర్చున్న చోటినుంచి కదలకుండా, తల కూడా తిప్పకుండా, అమ్మా అని కేకేసింది.

ఏటే అని వంటింట్లోంచి వెంటనే పలికింది మా కోడలు.